టార్చి పెట్టినా జాంబీ ఎక్కణ్ణుంచి వస్తోంది? స్పాన్ అదుపులో మైన్‌క్రాఫ్ట్ జావా, బెడ్‌రాక్ ఎంత మాట వింటాయి: రివ్యూ

వీధి పొడవునా టార్చిలు పాతారు. ప్రతి అరుగు మీదా లాంతరు వేలాడుతోంది. అయినా పొద్దు గూకాక ఇంట్లోంచి జాంబీ మూలుగు వినబడుతుంది. గదులన్నీ గాలించినా దొరకదు. అది అటక మీద ఉంటుంది.

పర్లాకిమిడి, పాతపట్నం, ఇచ్ఛాపురం, బరంపురం వైపు మైన్‌క్రాఫ్ట్ ఆడేవాళ్లు ఊరిని ఊరిలాగే కడదామని కూర్చుంటే ముందు కట్టేది వరుస ఇళ్ల వీధి. గోడకు గోడ ఆనించి, ముందు అరుగు, పైన పెంకుల కప్పు. చూడ్డానికి ముచ్చటగానే ఉంటుంది. కానీ మాబ్‌లు (జాంబీ, ఆవు లాంటి గేమ్ జీవులు) పుట్టడానికి అంతకన్నా అనువైన కట్టడం ఇంకోటి లేదు. ఆ పుట్టడాన్నే గేమ్ భాషలో స్పాన్ అంటారు. కాబట్టి ఈ రివ్యూలో గ్రాఫిక్స్ సంగతి, ఆట సరదా సంగతి ఎత్తడం లేదు. ఒక్కటే ప్రశ్న: మాబ్ ఎక్కడ పుట్టాలో, ఎక్కడ పుట్టకూడదో మనం చెబితే ఈ గేమ్ ఎంతవరకు వింటుంది?

సరుకు రెండు రకాలు. కంప్యూటర్‌కు జావా, ఫోనుకు బెడ్‌రాక్. 2022 జూన్ నుంచి కంప్యూటర్‌లో కొంటే రెండూ ఒకే ప్యాకేజీలో వస్తున్నాయి. ఫోను యాప్ మాత్రం వేరుగా కొనాలి. ఒకటి కొన్నంత మాత్రాన రెండోది ఫోనులోకి రాదు. పేరు ఒకటే, బొమ్మలు ఒకటే. మాబ్‌లు పుట్టించే పద్ధతి మాత్రం వేరు. యూట్యూబ్‌లో జావా ఫార్మ్ (మాబ్‌లను పుట్టించి, చంపి సరుకు రాబట్టే కట్టడం) చూసి ఫోనులో కట్టి, ఒక్క ఎముక కూడా రాక తల పట్టుకునేది ఈ తేడా తెలియకే.

ముందు రెంటికీ ఉమ్మడిగా ఉన్న సంగతి: వెలుగు. 2021 నవంబరు 30న వచ్చిన 1.18 అప్‌డేట్‌తో లెక్క మారింది. అంతకు ముందు వెలుగు 7, అంతకన్నా తక్కువ ఉన్న చోటల్లా జాంబీ, స్కెలిటన్, క్రీపర్ పుట్టేవి. ఇప్పుడు మామూలు లోకంలో బ్లాక్ లైట్ (టార్చి, లాంతరు లాంటి వాటి నుంచి వచ్చే వెలుగు) పూర్తిగా 0 అయితేనే పుడతాయి. 1 ఉన్నా చాలు, పుట్టవు. పాత వీడియోల్లో "ప్రతి ఏడు బ్లాకులకూ టార్చి" అని చెప్పేది ఆ పాత లెక్క. ఇప్పుడు అంత బొగ్గు తగలేయక్కర్లేదు.

టార్చి వెలుగు 14. ఒక్కో బ్లాకు దూరానికి ఒక్కోటి తగ్గుతుంది. ఐమూలగా కొలవకూడదు. ముందుకెన్ని, పక్కకెన్ని, పైకెన్ని అని విడివిడిగా లెక్కపెట్టి కూడాలి. టార్చి నుంచి 6 ముందుకు, 6 పక్కకు వెళ్తే 12 తగ్గి వెలుగు 2 మిగులుతుంది. అందుకే చదునైన నేల మీద టార్చికీ టార్చికీ మధ్య 12 బ్లాకులు వదిలి, 13వ దాని మీద తరవాతిది పెడితే చాలు. చతురస్రం నడిమధ్యన కూడా 0 కాదు. 13 వదిలి 14వ దాని మీద పెట్టారా, సరిగ్గా మధ్య బ్లాకు 0కి పడిపోతుంది. ఆ ఒక్క బ్లాకు చాలు క్రీపర్‌కి.

ఇది నేల మీద పాతిన టార్చి లెక్క. గోడకు తగిలిస్తే ఎత్తు కూడా కలపాలి. నేల కన్నా ఒక బ్లాకు పైన తగిలిస్తే 13 ఎడంతో ఇంకా నెట్టుకొస్తుంది. రెండు బ్లాకుల పైన తగిలిస్తే నెట్టుకు రాదు, దగ్గరగా జరపాలి. లాంతరు, గ్లోస్టోన్ వెలుగు 15, కాబట్టి 15 బ్లాకుల ఎడం. సోల్ టార్చి 10, దానికి 9 ఎడం. రెడ్‌స్టోన్ టార్చి 7, దానికి 7 ఎడం. నీలం మంట బాగుందని సోల్ టార్చిలు మామూలు టార్చిల ఎడంలోనే పెట్టి, మధ్యలో చీకటి గుంటలు వదిలేయడం మామూలుగా జరిగే తప్పు.

ఫోనులో ఇంకో మోసం ఉంది. సెట్టింగుల్లో బ్రైట్‌నెస్ చివరి దాకా జరిపితే గుహ కూడా పట్టపగల్లా కనిపిస్తుంది. అది తెర వెలుగు. గేమ్ లెక్కలో అక్కడ 0 అలాగే ఉంటుంది. జావాలో ఎఫ్3 నొక్కితే నిలబడ్డ చోట బ్లాక్ లైట్ ఎంతో అంకెతో సహా కనిపిస్తుంది (చాలా ల్యాప్‌టాప్‌లలో ఎఫ్ఎన్ మీటతో కలిపి నొక్కాలి). బెడ్‌రాక్‌లో ఆ అంకె చూపించే తెర లేదు. కోఆర్డినేట్లు చూపించే స్విచ్ ఉంది, అది వేసుకుంటే అచీవ్‌మెంట్లు పోవు. టార్చి కోఆర్డినేట్లలోంచి మనం నిలబడ్డ చోటివి తీసివేసి, మూడు తేడాలూ కూడి, 14లోంచి తీసేస్తే వెలుగెంతో తెలుస్తుంది. మధ్యలో గోడ ఉంటే మాత్రం ఈ లెక్క చెల్లదు, ఎందుకంటే వెలుగు గోడను చుట్టి రావాలి. కొలిచే సాధనం ఇవ్వకుండా కొలతకు తగ్గట్టు కట్టమనడం అన్యాయం. బెడ్‌రాక్‌కు మేం మార్కులు తగ్గించిన మొదటి కారణం ఇదే.

ఇక ఆ అటక సంగతి. పెంకుల కప్పును స్టెయిర్ (మెట్టు ఆకారపు) బ్లాకులతో కడతాం. మామూలుగా పెట్టిన స్టెయిర్‌కు పైభాగం నిండుగా ఉండదు కనుక జావాలో దాని మీద మాబ్ పుట్టదు. కప్పు వాలు వరకు భయం లేదు. దూలం దగ్గర, నెత్తిన, నిండు బ్లాకుల వరుస వేస్తే రాత్రిళ్లు అక్కడ పుడతాయి. స్టెయిర్‌ను తిరగేసి పెట్టినా పైభాగం నిండు అవుతుంది, అక్కడా పుడతాయి. కానీ అసలు గొడవ లోపల. గది పైకప్పుకీ పెంకుల వాలుకీ మధ్య రెండు బ్లాకుల ఖాళీ మిగులుతుంది. అందులోకి కింది లాంతరు వెలుగు పోదు, పైనుంచి ఎండా దిగదు. కచ్చితంగా 0. వరుస ఇళ్లలో ఇంటికీ ఇంటికీ మధ్య గోడ కప్పు దాకా లేస్తుంది కాబట్టి ఒక అటకలో పెట్టిన లాంతరు పక్కింటి అటకకు పనికిరాదు. పది ఇళ్ల వీధి అంటే పది చీకటి గదులు.

అటకకు లాంతరు పెట్టడం ఒక దారి. అంతకన్నా మంచిది అటక నేలను కింది సగం స్లాబులతో (అర ఎత్తు బ్లాకులతో) వేయడం. కింది స్లాబు మీద మాబ్ పుట్టదు, చీకటైనా సరే. పైగా స్లాబు కింది అంచు బ్లాకు కింది అంచుతో సమానంగా ఉంటుంది కనుక గదిలోంచి తలెత్తి చూస్తే సీలింగులో తేడా తెలియదు. మూడు బ్లాకులకు ఆరు స్లాబులు వస్తాయి, అంటే ఖర్చు కూడా సగమే. స్లాబు పై సగంలో పెడితే మాత్రం అది నిండు బ్లాకుతో సమానం, పుట్టేస్తాయి. ఫోనులో వేలితో పెట్టేటప్పుడు పైది, కిందిది తారుమారు కావడం తేలిక. ఒక వరుస పెట్టాక పక్కనుంచి ఓసారి చూసుకోవాలి.

స్లాబు ఒక్కటే కాదు. గాజు మీద, ఆకుల మీద శత్రు మాబ్‌లు పుట్టవు. జావాలో బటన్, ప్రెషర్ ప్లేట్, రైలు పట్టా పెట్టిన చోటా పుట్టవు. 1900లో నౌపడా నుంచి పర్లాకిమిడికి వేసిన చిన్న రైలును గుర్తు పెట్టుకుని స్టేషను కట్టేవాళ్లకు ఇది కలిసొచ్చే సంగతి. పట్టాల మీద దీపం అక్కర్లేదు, ప్లాట్‌ఫారం మీద, గూడ్స్ షెడ్డులో పెడితే చాలు.

వెలుగుకు లొంగనివి కూడా కొన్ని ఉన్నాయి. లోకాన్ని గేమ్ 16×16 బ్లాకుల చంకులుగా విడగొడుతుంది. స్లైమ్ చంకుల్లో వై 40 (వై అంటే ఎత్తు అంకె) కన్నా కింద స్లైమ్‌లు ఏ వెలుగులోనైనా పుడతాయి. దాదాపు పది చంకుల్లో ఒకటి స్లైమ్ చంకు. నేలమాళిగ నిండా లాంతర్లు పెట్టినా పచ్చ ముద్దలు గెంతుతున్నాయంటే తప్పు మీ దీపాలది కాదు, ఆ చంకుది. అక్కడ నేలంతా స్లాబులు పరచడమే మందు. నెదర్‌లో (గేమ్‌లోని పాతాళ లోకంలో) ఘాస్ట్, మాగ్మా క్యూబ్ కూడా అంతే, దీపం చూసి బెదరవు. జావాలో నెదర్ వార్ట్ బ్లాకు పరిస్తే పిగ్లిన్, హాగ్లిన్, జాంబీ పిగ్లిన్ దాని మీద పుట్టవు. అసలు శత్రువులే పుట్టని నేల కావాలంటే మష్రూమ్ ఫీల్డ్స్ బయోమ్‌లో ఇల్లు కట్టుకోవాలి. దొరకడమే కష్టం.

ఇక్కడిదాకా రెండు ఎడిషన్లూ కాస్త అటూ ఇటూగా ఒకేలా నడుస్తాయి. "పుట్టకూడదు" అన్నది సాధించడం రెంట్లోనూ సాధ్యమే. "ఇక్కడే పుట్టాలి" అన్నప్పుడు దారులు వేరవుతాయి.

జావాది కాలువ కింద సాగు లాంటిది. ఏ తూము ఎంత ఎత్తితే ఎంత నీరొస్తుందో ముందే చెప్పొచ్చు. ఒక ప్లేయరు ఆడుతుంటే శత్రు మాబ్‌ల గరిష్ఠం 70. ప్లేయరుకు 24 బ్లాకుల లోపల ఏదీ పుట్టదు. 128 దాటిన దూరంలో ఉన్నది వెంటనే మాయమవుతుంది. 32 బ్లాకులు దాటి అర నిమిషం ఉన్నది ప్రతి టిక్‌కీ (గేమ్ గడియారం ఒక్కో అడుగుకీ) 800లో ఒక వంతు అవకాశంతో మాయమవుతూ ఉంటుంది. లోకం మొదలయ్యే స్పాన్ పాయింటు చుట్టూ కూడా 24 బ్లాకుల్లో శత్రువులు పుట్టవు, కాబట్టి ఫార్మ్ అక్కడ కట్టకూడదు. గేమ్ శత్రువుల కోసం ప్రతి టిక్‌లోనూ, అంటే సెకనుకు 20 సార్లు ప్రయత్నిస్తుంది. ఆవులు, గొర్రెల్లాంటి వాటికి 400 టిక్‌లకు ఒకసారే. వాటి గరిష్ఠం కూడా 10 మాత్రమే. అందుకే అడవిలో ఆవులన్నిటినీ కోసేస్తే మళ్లీ రావడానికి చాలాకాలం పడుతుంది. వాటికి ఫార్మ్ కట్టే ఆలోచన మానేసి రెంటిని కంచెలో పెట్టి గోధుమలు పెట్టి పెంచుకోవడం మేలు.

ఈ అంకెల్లో అసలు కీలకం 70. మీ ఫార్మ్ కింద గుహలు ఉంటే, వాటిలోని చీకట్లో 70 పుట్టేసి కూర్చుంటాయి. కోటా నిండిపోయింది కాబట్టి పైన ఎంత అందంగా కట్టినా ఫార్మ్‌లో ఒక్కటీ పుట్టదు. దీనికి రెండు విరుగుళ్లు. 128 బ్లాకుల్లోని గుహలన్నీ వెతికి దీపాలు పెట్టడం ఒకటి, అది రోజుల తరబడి పని. సముద్రం మీద, మనం నిలబడే చోటు వై 192 దగ్గర ఉండేలా కట్టడం రెండోది. 192 లోంచి 128 తీసేస్తే 64. సముద్ర మట్టం కింద ఉన్నవన్నీ పరిధి బయటే. అయితే ఎత్తుకు మూల్యం ఉంది. జావా ఒక్కో ప్రయత్నంలో −64 నుంచి ఆ నిలువులో అన్నిటికన్నా పై బ్లాకు దాకా ఏదో ఒక ఎత్తును ఎంచుకుంటుంది. కప్పు 200 దాటితే ఎంచుకోవాల్సిన ఎత్తులు 260 పైన, నీటి మట్టంలో కడితే 130 లోపు. అంటే మన నేల తగిలే అవకాశం సగం అవుతుంది. గుహలు వెలిగించే ఓపిక ఉంటే కిందే కట్టాలి, లేకపోతే పైన. మధ్యలో వై 120 దగ్గర కట్టడం రెంటికీ చెడ్డ రేవడి.

బెడ్‌రాక్‌ది మెట్ట సాగు. వాన పడ్డప్పుడే పంట. సిమ్యులేషన్ డిస్టెన్స్ (ప్లేయరు చుట్టూ ఎంత దూరం దాకా గేమ్ నడవాలన్న సెట్టింగు) 4 చంకులు పెట్టుకుంటే (చాలా ఫోన్లు పెట్టుకునేది అదే) మాబ్‌లు ప్లేయరు నుంచి 24కీ 44కీ మధ్య మాత్రమే పుడతాయి. ఇరవై బ్లాకుల మందం గుల్ల, అంతే. ఫార్మ్ మొత్తం ఆ గుల్లలో ఇమడాలి. దాని పైన, లోకం మొత్తానికి 200 అని ఒక కోటా, మళ్లీ చుట్టుపక్కల చంకులకు విడిగా ఇంకో కోటా: ఆకాశం కింద పుట్టే శత్రువులకు 8, కప్పు కింద పుట్టేవాటికి 16. నాలుగు అంతస్తులు వేసినా ఆ 16 దాటదు. బెడ్‌రాక్‌లో ఫార్మ్ పెంచాలంటే అంతస్తులు పెంచకూడదు, పుట్టినదాన్ని త్వరగా చంపాలి.

ఇందులో మంచి కూడా లేకపోలేదు. పరిధి 44 మాత్రమే కనుక గుహల బెడద వదిలించుకోవడానికి నేల మీంచి 50 బ్లాకులు పైకెక్కితే చాలు. జావా వాళ్లలా ఆకాశంలో వేలాడక్కర్లేదు. ఎండాకాలం మధ్యాహ్నం ఫోను కాలిపోయి సిమ్యులేషన్ తగ్గించాల్సి వస్తే కూడా 4కి కట్టిన ఫార్మ్ చెదరదు. అందుకే 6 పెట్టుకునే ఫోను ఉన్నవాళ్లు కూడా 4కే కట్టాలని మా మాట.

మార్కులు ఇక్కడే చెప్పేస్తాం. స్పాన్ అదుపు ఒక్కటే చూస్తే జావాకు 10కి 9. చెప్పింది చేస్తుంది, చేయకపోతే ఎందుకు చేయలేదో చూపిస్తుంది. బెడ్‌రాక్‌కు 10కి 6. ఆపడం వరకు బాగానే వింటుంది, పుట్టించడంలో తన ఇష్టం.

ఇప్పుడు రెంట్లోనూ పనిచేసే ఒక ఫార్మ్, కొలతలతో. కాలువల ఫార్మ్ అంటారు. నడిమధ్య 2×2 రంధ్రం. దాని నాలుగు వైపులా రెండేసి బ్లాకుల వెడల్పు, ఎనిమిదేసి బ్లాకుల పొడవు కాలువలు. నాలుగు మూలలా 8×8 అరుగులు. మొత్తం 18×18. కాలువ నేల అరుగు కన్నా ఒక బ్లాకు లోతు. ప్రతి కాలువ కొసన రెండు బకెట్ల నీళ్లు పోస్తే ప్రవాహం సరిగ్గా ఎనిమిదో బ్లాకు దగ్గర, రంధ్రం అంచున ఆగుతుంది. కాలువను తొమ్మిది చేశారా, చివరి బ్లాకు పొడిగా మిగిలి మాబ్‌లు అక్కడే నిలబడిపోతాయి. అరుగు మీద రెండు బ్లాకుల ఖాళీ, దాని మీద కప్పు. రెండే ఖాళీ వదలడం వల్ల ఎండర్‌మన్ పుట్టదు, దానికి మూడు కావాలి.

రంధ్రం కింద గొట్టం. కాలువ నేల నుంచి కింది నేలకు 22 బ్లాకులు. పడ్డ దెబ్బ అంటే పడ్డ దూరంలోంచి 3 తీసేయడం. జాంబీ, స్కెలిటన్, క్రీపర్‌ల ప్రాణం 20. 22 పడితే 19 పోయి 1 మిగులుతుంది, ఒక్క గుద్దుతో ఎక్స్‌పీ (అనుభవం పాయింట్లు) మనది. 23 పడితే తమంతట తామే చస్తాయి, ఎక్స్‌పీ రాదు. మనం నిలబడేది ఆ కింది నేల కన్నా ఒక బ్లాకు దిగువన, పక్కగా. ముందున్న గోడలో పై సగం స్లాబు పెట్టి కింద అర బ్లాకు సందు వదలాలి. వాటి కాళ్లు మనకు అందుతాయి, మనం వాటికి దొరకం. సాలీడు కూడా ఆ సందులోంచి దూరలేదు. ఇలా నిలబడితే అరుగు మనకు 24 బ్లాకుల పైన పడుతుంది, పుట్టడానికి కావాల్సిన కనీస దూరం సరిగ్గా సరిపోతుంది. అరుగు మూల కూడా మన నుంచి 32 లోపే. 32 దాటితే జావాలో మాబ్‌లు తిరగడం మానేసి నిలబడిపోతాయి కనుక ఇది ముఖ్యం.

సామాను: అరుగులకు 256, కాలువ నేలకు 64, కప్పుకు 324, చుట్టూ గోడకు 144, కాలువ కొసలకు 8, గొట్టానికి 176. మొత్తం 972 బ్లాకులు. రాయి తవ్వుకుంటూ పోతే వచ్చే కాబుల్‌స్టోన్ చాలు, 16 స్టాకులు పట్టుకెళ్లండి. కాలువ అంచుల వెంట 64 ట్రాప్‌డోర్లు తెరిచి పెట్టాలి. మాబ్‌కు తెరిచిన ట్రాప్‌డోర్ కూడా నడిచే నేలలాగే కనిపిస్తుంది, అడుగేసి నీళ్లలో పడుతుంది. ఇవి లేకుండా కట్టినవాళ్లు "నీళ్ల దాకా వచ్చి వెనక్కి పోతన్నాయి" అంటారు. 64 ట్రాప్‌డోర్లకు 192 పలకలు, అంటే 48 దుంగలు.

సాలీడు ఈ ఫార్మ్‌కు శత్రువు. గొట్టం గోడలు పట్టుకుని పైకి పాకి దారి మూసేస్తుంది. అరుగులో ప్రతి మూడో బ్లాకు మీద, అడ్డంగానూ నిలువుగానూ, కింది సగం స్లాబు ఒకటి పెట్టండి. ఒక అంచు నుంచి లెక్కపెట్టి 2, 5, 8 స్థానాల్లో. ఒక్కో అరుగుకు 9, మొత్తం 36. సాలీడుకు చుట్టూ 3×3 ఖాళీ కావాలి, ఇలా పెడితే ఎక్కడా మిగలదు. మిగతా 220 గళ్లలో జాంబీ, స్కెలిటన్, క్రీపర్ పుట్టడానికి అడ్డు లేదు. జావాలో క్రీపర్ మందుగుండు మాత్రమే కావాలంటే కప్పుకు లోపలి వైపు ట్రాప్‌డోర్లు మూసి బిగించాలి. ఖాళీ ఎత్తు 2 కన్నా కాస్త తగ్గుతుంది. 1.7 ఎత్తు క్రీపర్ పడుతుంది, 1.95 జాంబీ, 1.99 స్కెలిటన్ పట్టవు.

జావాలో ఇంకో అంతస్తు వేయొచ్చు. కానీ పై అంతస్తు నుంచి పడేవి 26 బ్లాకులు పడి చస్తాయి. సామాను వస్తుంది, ఎక్స్‌పీ రాదు. మూడోది వేస్తే మూలలు 32 దాటిపోతాయి.

కట్టడం పూర్తయ్యాక ఎక్కువమంది మరిచిపోయేది కప్పు పైభాగం. 18×18 నిండు బ్లాకుల మైదానం ఆకాశంలో ఉంటే రాత్రి అక్కడే మందలు మందలుగా పుట్టి కోటా తినేస్తాయి. ప్రతి పావు భాగం మధ్యన ఒకటి చొప్పున నాలుగు టార్చిలు చాలు. కింది గదిలో కూడా టార్చి పెట్టుకోవచ్చు. గొట్టం వెంట దాని వెలుగు పదమూడో బ్లాకు దాటగానే ఆరిపోతుంది, అరుగుల దాకా రాదు.

ఫోనులో ఆడేవాళ్లకు నిజంగా మేం చెప్పేది ఇంత కష్టం కూడా వద్దనే. గుహల్లో తిరుగుతూ జాంబీ లేదా స్కెలిటన్ స్పానర్ (మాబ్‌లను పుట్టించే బ్లాకు) దొరికితే దాన్ని పగలగొట్టకండి. స్పానర్‌కు మాబ్ కోటాతో పని లేదు. మనం 16 బ్లాకుల లోపల ఉంటే చాలు, 10 నుంచి 40 సెకన్లకు ఒకసారి నాలుగేసి పుట్టించే ప్రయత్నం చేస్తుంది. చుట్టూ 9×9 విస్తీర్ణంలో ఆరు పోగుపడితే ఆగుతుంది. కాబట్టి గదిని 9×9కి తవ్వి, నీళ్లు పారించి, పుట్టినవాటిని ఆ చుట్టుపట్ల నుంచి బయటికి తోసేయాలి. ఆరు అక్కడే నిలిచిపోతే ఇంక రాత్రంతా కూర్చున్నా కొత్తది రాదు. ఇంటికి దగ్గర్లో ఉండి భయపెడుతోంది, తాత్కాలికంగా ఆపాలంటే 1.18 తరవాత దాని నెత్తిన ఒక్క టార్చి చాలు, మధ్యలో గోడ లేకపోతే. పాత అలవాటులో అయిదు వైపులా పెట్టినా నష్టం లేదు.

కమాండ్ల గురించి రెండు మాటలు. చిన్న పిల్లలు ఊరు కట్టుకోవడానికే ఆడుతుంటే ఇన్ని లెక్కలు అనవసరం, డూమాబ్‌స్పానింగ్ గేమ్‌రూల్‌ను ఫాల్స్ చేస్తే వాటంతటవే పుట్టేవన్నీ ఆగిపోతాయి. రాత్రిళ్లు నెత్తిన వాలే ఫాంటమ్‌లు మాత్రమే వద్దనుకుంటే డూఇన్సోమ్నియా. కొత్త జావా వెర్షన్లలో గేమ్‌రూల్ పేర్లు కొన్ని మారాయి. స్లాష్ గేమ్‌రూల్ అని కొట్టి ట్యాబ్ నొక్కితే ఇప్పటి పేర్ల జాబితా వస్తుంది. బెడ్‌రాక్‌లో చీట్స్ ఆన్ చేస్తే ఆ లోకంలో అచీవ్‌మెంట్లు ఆగిపోతాయి, పిల్లవాడు ఏడవక ముందే ఆ సంగతి చెప్పడం మంచిది. డిఫికల్టీని పీస్‌ఫుల్‌కు (శత్రువులు ఉండని స్థాయికి) పెట్టడం ఇంకో దారి. పేరు పెట్టి ముద్దుగా పెంచుకున్న జాంబీ కూడా అందులో మాయమైపోతుంది.

ఫార్మ్ కట్టారు, రావడం లేదు. అప్పుడు ఈ వరసలో చూడండి. డిఫికల్టీ పీస్‌ఫుల్‌లో మరిచిపోయారేమో. ఫోనయితే సిమ్యులేషన్ డిస్టెన్స్ ఎంతుందో, అరుగు 24, 44 మధ్యలో ఉందో. లోపల ఏ మూలైనా కప్పు బ్లాకు ఒకటి జారి ఆకాశం కనబడుతోందో. కప్పు మీద దీపాలు ఉన్నాయో. జావాలో కింద గుహలు 128 లోపల ఉన్నాయేమో. అన్నీ సరిగ్గా ఉండి కూడా మొదట్లో వచ్చి తరవాత ఆగిపోతే గొట్టంలో సాలీడు ఇరుక్కుందేమో. ఇంకా ఒకటి: రాత్రంతా అక్కడే నిలబెట్టి పడుకుందామనుకునేవాళ్లు గేమ్ లెక్కలో మూడు రోజులు నిద్రపోలేదంటే ఫాంటమ్‌లు దిగుతాయి. వాటికి మన తల మీద ఆకాశం కావాలి, కాబట్టి నిలబడే చోట నెత్తిన ఒక్క రాయి పెట్టి పడుకోండి.